ఫోనులో దొరికే కొత్త సినిమా

చిత్తూరు జిల్లా పూతలపట్టు కూడలిలో తిరుపతి బస్సు కోసం నిలబడ్డ కుర్రాడి ఫోనులో నిన్న విడుదలైన సినిమా ఆడుతోంది. తెర మీద ఎవరివో తలలు అడ్డొస్తున్నాయి. ఏ హాల్లోనో వేసిన ఈల కూడా రికార్డయి వినిపిస్తోంది. అయినా కళ్లు తిప్పకుండా చూస్తున్నాడు. సినిమా మీద మనవాళ్లకున్న ఆ ఇష్టాన్ని తప్పు పట్టలేం.

కానీ ఇలాంటి దొంగ ప్రింటు చేసే నష్టం చిన్నది కాదు. 2013లో పవన్ కల్యాణ్ సినిమా ‘అత్తారింటికి దారేది’ విడుదలకు ముందే సుమారు సగం సినిమా బయటికొచ్చేసింది. పెడనలో సీడీలు అమ్మారు. నిర్మాత తేదీ ముందుకు జరిపి సెప్టెంబరు 27నే విడుదల చేస్తే, జనం థియేటర్లకు పోటెత్తి నిలబెట్టారు. పెద్ద హీరో సినిమా కాబట్టి గట్టెక్కింది. పేరున్న నటుడు లేని చిన్న సినిమాకు మొదటి మూడు రోజులే ఆయుష్షు. ఆలోగా దొంగ ప్రింటు వచ్చేస్తే ఆదుకునే దిక్కుండదు. అప్పు చేసి సీడెడ్ (రాయలసీమ) హక్కులు కొన్న పంపిణీదారు, చిత్తూరు థియేటర్ గేటు దగ్గర టికెట్లు చింపే మనిషి, ఇంటర్వెల్లో సమోసాలు అమ్ముకునే మనిషి... దెబ్బ చివరికి తగిలేది వీళ్లకే.

2025 నవంబరులో దొంగ ప్రింట్లు పెట్టే ఐబొమ్మ సైటు నిర్వాహకుడంటూ హైదరాబాద్ పోలీసులు ఒకరిని అరెస్టు చేసినప్పుడు, అతన్ని వెనకేసుకొచ్చినవాళ్లు తక్కువేం కాదు. అందులో టికెట్ ధరల మీది కోపం ఉంది, అది న్యాయమైనదే. అదే ఏడాది తోతాపురి మామిడికి ధర లేక రైతులు రోడ్డెక్కిన నేల ఇది. ఇంటిల్లిపాదీ సినిమాకు పోవడం ఇక్కడ తేలికైన ఖర్చు కాదు. అయితే ఊరికే సినిమా చూపినవాడికి డబ్బెక్కడిది? బెట్టింగ్ యాప్‌ల ప్రచారం నుంచి వచ్చిందని పోలీసులు చెప్పారు. టికెట్ డబ్బు మిగిలిందని సంతోషించిన ఇంట్లోనే, అదే ఫోను పిల్లల్ని పందేల్లోకి దింపుతుంది. మన ఊళ్ల తల్లిదండ్రులకు ఈ సంగతి ఎవరో ఒకరు విడమరిచి చెప్పాలి.

2023 చట్ట సవరణతో పైరసీకి మూడేళ్ల దాకా జైలు, నిర్మాణ వ్యయంలో 5 శాతం దాకా జరిమానా వచ్చాయి. మంచిదే. కానీ ఒక సైటు మూస్తే మరోటి పుడుతోంది. చట్టం ఒక్కటే చాలదు, దొంగ ప్రింటుకు గిరాకీ కూడా తగ్గాలి. పెద్ద సినిమాలకు విడుదల రోజుల్లో టికెట్ ధరలు పెంచుకోవచ్చని ప్రభుత్వాలు జీవోలిస్తున్నాయి. చిన్న పట్టణాల వరకైనా ఆ పెంపు మాకొద్దని నిర్మాతలే ముందుకొచ్చి చెప్పాలి. ఆ గిరాకీ ఎక్కువగా ఉండేది ఆ రోజుల్లోనే.