సారా బాకీ ఎవరి సొమ్ము?

మద్యం కాంట్రాక్టర్లు ఎగ్గొట్టిన బాకీలు వసూలు చేయించమని ఆడవాళ్లు కోర్టుకెక్కడమేమిటని కొందరు మిత్రులు అడుగుతున్నారు. సారా వద్దన్నవాళ్లం సారా డబ్బు ఖజానాకు చేరాలని కోరడం వారికి విడ్డూరంగా తోస్తోంది. సాలూరు ఏజెన్సీ గ్రామాల్లో తిరిగేదాన్ని కనుక నాకలా తోచదు. కూలి డబ్బులు, సంతలో చింతపండు అమ్మిన డబ్బులు ఇల్లు చేరకముందే దుకాణంలో జమ అయ్యాయి. తాగినవాడు చెల్లించాడు. అతని పెళ్లాంబిడ్డలు పస్తులుండి చెల్లించారు. ఆ డబ్బంతా చేతికొచ్చిన కాంట్రాక్టరు మాత్రం కిస్తీ కట్టలేదు. ఆ బాకీ మాఫీ చేస్తే మన కడుపులు కొట్టి అతనికి బహుమానం ఇచ్చినట్టే.

నెల్లూరు జిల్లా ఆడవాళ్లు 1992లో సారా వేలంపాటలను అడ్డుకున్నారు. ఆ పోరాటం ఫలితంగా 1993లో సారా నిషేధం, 1995 జనవరిలో సంపూర్ణ మద్యనిషేధం వచ్చాయి. 1997లో నిషేధం సడలించినప్పుడు ఆదాయం పోతోందన్నారు. ఆదాయం మీద అంత బెంగ ఉన్నవారు ముందు రావలసిన బాకీలు చూసుకోవాలి కదా!

చట్టం లేక కాదు. ఎక్సైజ్ బాకీలను భూమిశిస్తు బకాయిల్లాగే వసూలు చేయవచ్చని 1968 నాటి ఎక్సైజ్ చట్టం చెబుతోంది. ఆస్తులు జప్తు చేసి వేలం వేయడానికి 1864 నాటి రెవెన్యూ రికవరీ చట్టం ఉంది. పోటీపడి పాట పాడినవాళ్లే తర్వాత నష్టమొచ్చిందంటూ స్టేలు తెచ్చుకుంటారు. మద్యం వ్యాపారం ప్రాథమిక హక్కు కాదనీ, తెలిసి పాడినవాడు ఆ షరతుల నుంచి తప్పించుకోలేడనీ సుప్రీంకోర్టు 1975లోనే హర్‌శంకర్ కేసులో చెప్పింది. పొదుపు సంఘం అప్పు ఒక్క వాయిదా తప్పితే మన గడపలో వచ్చి కూర్చుంటారు. ఆ చురుకుదనం కాంట్రాక్టరు మేడ దగ్గరికి వెళ్లేసరికి ఏమైపోతుందో!

ఇంకో చిక్కు ఉంది. 2011 చివర మద్యం సిండికేట్ల మీద ఏసీబీ సోదాలు జరిగినప్పుడు తెల్ల రేషన్ కార్డులవాళ్ల పేరిట లైసెన్సులు బయటపడ్డాయి. అలాంటి లైసెన్సు మీద బాకీ పడితే జప్తు చేయడానికి పేదవాడి చుట్టిల్లు తప్ప ఏం దొరుకుతుంది? అందుకే మన వ్యాజ్యం వసూలు చేయమనడంతో ఆగకూడదు. పెట్టుబడి పెట్టిన అసలు మనిషెవరో తేల్చాలని, ఏళ్లుగా నడుస్తున్న స్టేల రద్దుకు ప్రభుత్వం ఏం చేసిందో అఫిడవిట్‌లో చెప్పాలని కోరాలి. 1981లో ఎస్.పి.గుప్తా కేసు తర్వాత, నేరుగా నష్టపోయినవాళ్లే కోర్టుకు రావాలన్న పట్టుదల సడలింది. అయినా ఇక్కడ నేరుగా నష్టపోయింది మనమే.

2024 అక్టోబరులో మద్యం దుకాణాలు మళ్లీ ప్రైవేటు చేతుల్లోకి వెళ్లాయి. పాత లెక్క తేలకుండానే కొత్త లెక్క మొదలైంది. ముందు 2005 సమాచార హక్కు చట్టం కింద అర్జీ పెడదాం. జిల్లా ఆఫీసుకైతే రుసుము పది రూపాయలు, తెల్ల కార్డు ఉన్నవారికి అదీ అక్కర్లేదు. 2022 ఏప్రిల్ దాకా సాలూరు విజయనగరం జిల్లాలో ఉండేది. కాబట్టి పాత బాకీల వివరాలు పార్వతీపురంలోనే కాక విజయనగరంలోనూ అడగాలి. పేరు, మొత్తం, ఏ సంవత్సరానిది, ఏ కోర్టులో ఆగింది, ఎంత జప్తు చేశారు అన్నవి విడివిడిగా రాయించండి.