దస్త్రాలు తెరిస్తేనే యుద్ధ చరిత్ర

పదవీ విరమణానంతరం కలం చేపట్టి యుద్ధ చరిత్రకారులుగా పేరుగాంచిన సైనికాధికారులు మన దేశంలో పలువురున్నారు. 1962 అక్టోబరులో నంకాచూ నది ఒడ్డున చైనా దాడికి ఛిన్నాభిన్నమైన 7వ పదాతి బ్రిగేడ్ అధిపతి జాన్ దాల్వీ యుద్ధఖైదీగా నెలల తరబడి గడిపారు. ఆ అనుభవంతో 1969లో ‘హిమాలయన్ బ్లండర్’ వెలువరించారు. అప్పట్లో ఢిల్లీలో సైనిక కార్యకలాపాల డైరెక్టరుగా ఉన్న డి.కె. పాలిత్, 1971 యుద్ధంపై 1972లోనే పుస్తకం రాశారు. 1962 పరాజయంపై ఆయన గ్రంథం 1991లో వచ్చింది. ఒకే ఓటమిని ఒకరు యుద్ధరంగం నుంచి, మరొకరు ప్రధాన కార్యాలయం నుంచి చూశారు.

కొండదారులు, చలి, సరఫరాల కొరత స్వయంగా ఎరిగిన వారి రచనల విలువ కాదనలేనిది. అయితే వారు సాక్షులు మాత్రమే కారు, కక్షిదారులు కూడా. తప్పు ఎవరిదన్న ప్రశ్నకు వారి మాటే తుది తీర్పు కాజాలదు. దానిని సరిచూడడానికి మూలపత్రాలు కావాలి.

ఆ పరాజయంపై హెండర్సన్ బ్రూక్స్, భగత్ 1963లో సమర్పించిన నివేదికను ప్రభుత్వం నేటికీ ప్రచురించలేదు. అందులో కొంత భాగం 2014లో ఇంటర్నెట్‌లో అనధికారికంగా వెలుగుచూసింది. యుద్ధ పత్రాల గోప్యతను సాధారణంగా 25 ఏళ్లకు తొలగించాలని రక్షణ శాఖ 2021లో విధానం ప్రకటించింది. ఆరు దశాబ్దాలు దాటిన 1962 పత్రాలకు ఆ విధానాన్ని వర్తింపజేయడం సముచితం. చలిదుస్తులు సైతం చాలక పోరాడి నేలకొరిగిన జవాన్లకు దేశం ఆ మాత్రం రుణపడి ఉంది.