ఒక యింటివారి పత్రిక

ఒక కుటుంబమువారు నడపు పత్రిక ఆ కుటుంబముదా, చదువరులదా యను ప్రశ్న మన దేశమున చాలకాలముగ నున్నది. పత్రిక చక్కగా నడచుచున్నంతవఱకు ఈ ప్రశ్నకు సమాధానము చెప్పవలసిన యవసరము ఎవరికిని కలుగదు. అది నిలిచిపోయిననాడు సమాధానము తనంతట బయటపడును. 1991లో ఆంధ్రపత్రిక ఆగిపోయినప్పుడు బయటపడిన సమాధానము తెలుగువారికి గౌరవమైనది కాదని మా యభిప్రాయము.

కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారు 1867లో కృష్ణాజిల్లా ఎలకుఱ్ఱు గ్రామమున జన్మించిరి. మద్రాసున పట్టపరీక్షకు చదివి, జీవనోపాధికై కలకత్తాకును, పిమ్మట బొంబాయికిని పోయిరి. 1893లో అచ్చట అమృతాంజనము తయారుచేయ నారంభించిరి. గానసభలకు వచ్చినవారికి ఊరక పంచిపెట్టి ఆ మందును దేశమునకు పరిచయము చేసిరని పెద్దలు చెప్పుదురు. 1907లో సూరతున జరిగిన కాంగ్రెసు మహాసభకు వెళ్లివచ్చిన పిమ్మట వారికి తెలుగున నొక పత్రిక యుండవలెనను సంకల్పము గట్టిపడినది. 1908లో బొంబాయినుండియే ఆంధ్రపత్రిక వారపత్రికగా వెలువడినది. మరాఠీ, గుజరాతీ మాటల నడుమ కూరుచుండి, చందాదారులకు వందలకొలది మైళ్ల దూరమున తెలుగు పత్రికను అచ్చువేయించుట లాభము గోరినవాని పని కాదు. పంతులుగారు వర్తకులే, అందులో గడుసరులే; కాని పత్రిక విషయమున వారి జమాఖర్చు వేఱుగ నుండెను. తలనొప్పిమందు తెచ్చిన ధనము తెలుగక్షరములక్రింద వ్యయమైనది.

1914 ఏప్రిలు 1వ తేదిని మద్రాసునుండి అది దినపత్రికగా వెలువడ నారంభించెను. నాలుగు నెలలకే ఐరోపాలో యుద్ధము వచ్చినది. వార్తలకొఱకు జనుల యాతురత పెరిగినది. కాగితము వెలయు పెరిగినది. అప్పటికి 1910 నాటి ముద్రణాలయ శాసనము అమలునందుండెను. క్రొత్తగా అచ్చుకూటము పెట్టువానినుండి 500 మొదలు 2000 రూపాయలవఱకు ధరావతు కోరుటకును, వ్రాత తమకు సరిపడకున్న ఆ సొమ్మును జప్తు చేసికొనుటకును ప్రభుత్వమువారికి ఆ శాసనము అధికార మిచ్చినది. ఇట్టి దినములలో వెనుక నిలుచు ఇల్లు లేని పత్రిక ఎంత తేజోవంతమైనదైనను ఒక్క తాఖీదుతో కన్నుమూయుటకు వీలుండెను. కుటుంబమువారి పత్రిక యనగానే ముఖము చిట్లించువారు ఈ సంగతిని మరువరాదు. ఆ రోజులలో ధైర్యమునకు ధనము కూడ కావలసివచ్చినది.

ఆ ధనముతో పంతులుగారు చేసిన పనులు పెక్కు. 1910 మొదలుకొని వచ్చిన ఉగాది సంచికలు మా పాఠకులలో ననేకుల తాతగారి యిండ్లలో నుండియుండును. 1924 జనవరిలో ‘భారతి’ పుట్టినది. తెలుగున పండితులకును కవులకును అది ఎట్టి వేదిక యయ్యెనో మరల చెప్ప నక్కఱలేదు. 1926లో ఆంధ్రగ్రంథమాల యేర్పడినది. 1923లో కొమఱ్ఱాజు వేంకటలక్ష్మణరావు పంతులుగారు గతించి విజ్ఞానసర్వస్వము ఆగిపోగా, ఆ బరువును కూడ నెత్తిన వేసికొనినది వీరే. ఉప్పు సత్యాగ్రహకాలమున వీరు కారాగారమునకును పోయిరి. 1937 నవంబరు 16వ తేదిని సర్కారువారును రాయలసీమవారును గూడి యొడంబడిక చేసికొనినదియు మద్రాసులోని వీరి గృహమగు శ్రీబాగులోనే.

1938 ఏప్రిలులో పంతులుగారు దివంగతులైరి. అల్లుడగు శివలెంక శంభుప్రసాదుగారు పత్రికను చేపట్టి 1972లో తాము మరణించువఱకు, అనగా 34 ఏండ్లు, నడపిరి. స్థాపకునికి కీర్తి వచ్చును. తరువాత వచ్చినవానికి జీతముల పట్టీయు, కాగితపు బాకీయు వచ్చును. అయినను శంభుప్రసాదుగారు మామగారి నియమమును విడువలేదు. వారి తరువాత కుమారుడు భారము వహించెను. ఈ మూడు తరముల కాలములో లోక మెంతయో మారినది. 1938 ఆగస్టులోనే గోయెంకాగారి ఆంధ్రప్రభ మద్రాసున బయలుదేరినది. 1953లో ఆంధ్రరాష్ట్రము ఏర్పడగా చదువరులందఱు ఒకవైపున, అచ్చుకూటము మఱియొకవైపున అయినవి. పత్రిక విజయవాడకు, హైదరాబాదునకు చేరుసరికి ఇతరులు అచ్చట పాతుకొనియుండిరి. 1960లో విజయవాడనుండి ఆంధ్రజ్యోతియు, 1974లో విశాఖపట్టణమునుండి ఈనాడును వచ్చినవి. తెల్లవారకముందే పల్లెటూరి గడపకు చేరు పత్రికతో మధ్యాహ్నపు టపాకు వచ్చు పత్రిక పోటీపడజాలదు. భాషయు మారినది. అందఱు వాడుకభాషకు మొగ్గినను ఆంధ్రపత్రిక చాలకాలము పాతనడకనే పట్టుకొనియుండెను. ఈ విషయమున మేము తప్పెన్నబోము. మా వ్రాతను చూచిన పాఠకులకు కారణము తెలియకపోదు.

కుటుంబ నిర్వహణమున దోషములు లేవని మేమనము. ఇంటి పెద్ద యభిరుచియే పత్రిక యభిరుచి యగును. ఆయనకు గిట్టనిమాట పేజీలోనికి రాదు. తండ్రి కున్న దీక్ష కుమారునకు సంక్రమించునని ఏ ధర్మశాస్త్రమును చెప్పలేదు. కాని కుటుంబము కానిదెల్ల చిరాయువగునా? 1902లో బందరున కొందఱు దేశభక్తులు గూడి స్థాపించిన కృష్ణాపత్రిక ముట్నూరి కృష్ణారావుగారి కలముమీద వెలిగినది. 1945లో ఆయన పోయిన పిమ్మట మరల ఆ ప్రభ దానికి రాలేదు. ఇక కేరళమున మలయాళమనోరమ సంగతి చూడుడు. 1888లో కండత్తిల్ వర్గీసు మాప్పిళ్ల స్థాపించిన సంస్థ యది. 1938లో తిరువాన్కూరు దివాను సర్ సి. పి. రామస్వామయ్యరుగారి ప్రభుత్వము దానికి తాళము వేసి, సంపాదకుడగు మామ్మెన్ మాప్పిళ్లను చెఱసాలకు పంపినది. 1947లో ఆ కుటుంబమువారే దానిని మరల తెఱచిరి, నేటికిని నడపుచున్నారు. ప్రభుత్వము మూసినది తెఱచుకొనినది. మన పత్రికను ఏ దివానును మూయలేదు.

తాత త్రవ్వించిన చెఱువును మనుమడు ఒక్కడే పూడిక తీయజాలడు. నీరు పాఱించుకొను ఆయకట్టుదారు లందఱు తలకొక పాఱ పట్టవలెను. ఆంధ్రపత్రిక నీరు 83 ఏండ్లు మన పొలములకు పాఱినది. ఆ యింటివారి మందు నేటికిని ప్రతి అంగడిలోను అమ్ముడగుచున్నది. పత్రిక మాత్రము లేదు. వర్తకమును నిలిపికొని పత్రికను విడిచిరని కొందఱు వారిని నిందింతురు. ఆ నిందకు మే మంగీకరింపము. నష్టము తరతరములకు ఒక్క యింటివారే భరింపవలెనని కోరుటకు మనకేమి హక్కు గలదు? వాటాలు కొని ప్రజాసంఘముగ మార్చుకొనుట, శాశ్వతనిధి యొకటి కూర్చుట యనునవి తెలుగుదేశమున ఆలోచింపరానివి కావు. దేవాలయములకు మాన్యము లిచ్చిన చేతులే మనవి. పత్రిక ఆ యింటివారిది గనుక వారే చూచుకొందురని అందఱమును ఊరకుంటిమి.

పోయినదానిని తెచ్చుట సాధ్యము కాదు. మిగిలిన కాగితమునైనను కాపాడుకొనవలసియున్నది. ప్రెస్ అకాడమీవారు పాత సంచికలు కొన్నింటికి ఛాయాచిత్రములు తీయించి లోకమునకు అందించుట మెచ్చదగినపని. 1918లో వేటపాలెమున వెలసిన సారస్వతనికేతనము పాత పత్రికలను భద్రపఱచుచున్నది. అయితే నాటి కాగితము తాకిన విఱుగుచున్నది. ఏడాదికేడాది చెదలకును, చెమ్మకును పోవుచున్నది. మా పాఠకులలో పాత మిద్దెలు గలవారు అటకలమీద ఒకమాఱు వెదకింతురుగాక. ఉగాది సంచికలు, భారతి సంపుటములు, దినపత్రిక కట్టలు కనబడినచో తూకమునకు వేయవలదు. ముందుగా జిల్లా గ్రంథాలయమునకో, వేటపాలెమునకో జాబు వ్రాసి, వారియొద్ద లేనివి ఏవో కనుగొని, వానిని వారికి ఇచ్చివేయవలెను. ఏ సంవత్సరమువి యున్నవో, నడుమ ఏ సంచికలు లోపించినవో ఒక కాగితముమీద వ్రాసి కట్టతోపాటు పంపినచో గ్రంథాలయమువారికి చాల శ్రమ తగ్గును.