ఎడమకాలి పాఠం

పెద్ద సంగతులన్నీ మొదట చిన్నవిగానే పుడతాయి. ఈనాడు లోకమంతా నిద్ర మానుకొని చూసే ప్రపంచ ఫుట్‌బాల్ పోటీ 1930లో ఉరుగ్వేలో మొదలైనప్పుడు వచ్చిన జట్లు 13 మాత్రమే. అందులో ఐరోపానుంచి సముద్రం దాటి వెళ్ళినవి నాలుగు. మన ఆసియా పోటీ పుట్టుక అంతకంటె చిన్నది. 1951 మార్చిలో ఢిల్లీలో మొట్టమొదటి ఆసియా క్రీడలు జరిగినప్పుడు ఫుట్‌బాల్‌కు దిగినవి ఆరు జట్లు: భారతదేశం, ఇరాన్, జపాన్, ఆఫ్ఘనిస్తాన్, ఇండొనేషియా, బర్మా. ఆరింటిలోనూ అగ్రస్థానం మనదే.

ఈ మాట మొన్న మా తరగతిలో ఏదో సందర్భం వచ్చి చెబితే పిల్లలు గొల్లుమన్నారు.

"మనమా సార్? అది క్రికెట్టై ఉంటాది, చూసుకోండి సార్!" అన్నాడు వెనకబెంచీ కుర్రవాడొకడు.

వాణ్ణి అని ఏం లాభం? వాడికి మెస్సీ మేనత్త కొడుకంత దగ్గరి చుట్టం. రహీం సాహెబు పేరు మాత్రం వినలేదు. 2024లో ఆయన కథతో 'మైదాన్' అనే హిందీ చిత్రం వచ్చేదాకా పెద్దవాళ్ళలో మాత్రం ఎంతమంది విన్నారు గనక!

సయ్యద్ అబ్దుల్ రహీం 1909లో హైదరాబాదులో పుట్టారు. ఉస్మానియాలో పట్టా పుచ్చుకొని బడిపంతులు అయ్యారు. కాచిగూడ మిడిల్ స్కూలులోను, చాదర్‌ఘాట్ హైస్కూలులోను పాఠాలు చెప్పారు. తరువాత వ్యాయామ విద్యలో డిప్లొమా సంపాదించారు. 1940ల నుంచి హైదరాబాదు ఫుట్‌బాల్ సంఘానికి ఆయనే కార్యదర్శి. ఆయన తీర్చిదిద్దిన హైదరాబాదు సిటీ పోలీసు జట్టు 1950 మొదలు 1954 దాకా వరుసగా ఐదేళ్ళు బొంబాయి రోవర్స్ కప్పు ఇంటికి తెచ్చుకుంది.

పంతులు ఆట నేర్పినా పంతులులాగానే నేర్పుతాడు. రహీంగారు కుర్రవాళ్ళకు చిత్రమైన పోటీలు పెట్టేవారు. ఒకదాంట్లో బంతిని కాలితో దొర్లించుకుంటూ ఒంటరిగా పోరాదు. అందిన మరుక్షణం తోటివాడికి అందించాలి. ఇంకొకదాంట్లో వాటంలేని కాలితోనే బంతి తన్నాలి. కుడికాలి వాటంవాడు కుడికాలితో ఎంత బ్రహ్మాండమైన గోలు కొట్టినా లెక్కకు రాదు! మరొక పోటీ ఐదడుగులలోపు ఎత్తున్న పిల్లలకు మాత్రమే. పొడుగువాళ్ళ నీడలో పొట్టివాడి ప్రతిభ మరుగున పడకూడదు గదా!

ఈ మూడు పోటీలలో ఆయన విద్యాసిద్ధాంతమంతా ఉందని నాకనిపిస్తుంది. నీకు వచ్చినది పదిమందితో పంచుకో. నీకు రానిదాన్ని సాధన చెయ్యి. వెనకబడినవాడికి వేరే వాకిలి తెరువు. పాతికేళ్ళ అనుభవంతో ఎం.ఏ. పిల్లలకు పాఠం చెప్పే మేము కూడా ఇంత తేలికగా చెప్పలేము.

సికింద్రాబాదు దగ్గర అమ్ముగూడలో తులసీదాస్ బలరామ్ అనే పేదింటి కుర్రవాడు ఉండేవాడు. పోలీసుల పాత బూట్లను కుట్టించి తొడుక్కొని ఆడేవాడట. రహీంగారి కంట పడ్డాడు. సాధనకు నగరం దాకా రావాలంటే దారిఖర్చు లేదన్నాడు. సైకిలు అద్దెకు డబ్బు ఆయనే ఇచ్చి రప్పించుకున్నారట. ఆ బలరామ్ 1956లో మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌కు, 1960లో రోమ్‌కు వెళ్ళి, రోమ్‌లో హంగరీ మీద, పెరూ మీద గోళ్ళు కొట్టాడు. 2023లో కన్నుమూశాడు.

బూట్ల మాట వచ్చింది గనుక ఒక అపోహ తీర్చుకుందాం. 1950లో బ్రెజిల్‌లో జరిగిన ప్రపంచ పోటీకి మనకు ప్రవేశం దొరికింది. కాని మనవాళ్ళు వెళ్ళలేదు. ఉత్తకాళ్ళతో ఆడనివ్వమన్నారు గనుక వెళ్ళలేదని ఈనాటికీ చెప్పుకుంటారు. 1948 లండన్ ఒలింపిక్స్‌లో మనవాళ్ళలో చాలామంది ఉత్తకాళ్ళతో ఆడిన మాట నిజమే. కాని బ్రెజిల్‌కు వెళ్ళకపోవడానికి అసలు కారణం అది కాదని, ఆ కథ తరువాత పుట్టిందని, అప్పటి నాయకుడు శైలేన్ మన్నాయే చెప్పాడు. ఆనాటి మన పెద్దలకు ఒలింపిక్స్ ఒక్కటే గొప్ప; ప్రపంచ కప్పంటే ఏమిటో వాళ్ళకు తోచలేదు. ప్రయాణం చూస్తే దూరం. లోపం కాళ్ళలో లేదు, చూపులో ఉంది. ఆ అవకాశం మన పురుషుల జట్టుకు మళ్ళీ రాలేదు.

మరుసటి ఏడే ఢిల్లీ. రహీంగారు శిక్షకుడు, మన్నా నాయకుడు. ఇండొనేషియాను 3-0తో, ఆఫ్ఘనిస్తాన్‌ను 3-0తో ఓడించారు. మార్చి 10న ఫైనల్లో ఇరాన్ మీద మేవాలాల్ కొట్టిన ఒకేఒక గోలుతో స్వర్ణం మనదైంది.

అక్కడినుంచి పోటీ పెరిగింది. 1954లో మనీలాకు 12 జట్లు వచ్చాయి. మనం మొదటి అంచెలోనే ఇంటిదారి పట్టాం. 1958లో టోక్యోకు 14 వచ్చాయి. మనకు నాలుగో స్థానం. ఈ నడుమ 1956లో మెల్‌బోర్న్‌లో రహీంగారి జట్టు ఆస్ట్రేలియాను 4-2తో ఓడించి సెమీఫైనల్ చేరింది. ఒలింపిక్స్ ఫుట్‌బాల్‌లో ఆసియా దేశం అంతదూరం పోవడం అదే ప్రథమం.

ఇక 1962, జకార్తా. ఇజ్రాయెలుకు, తైవానుకు ఇండొనేషియా ప్రవేశం నిరాకరించింది. అది న్యాయం కాదని మన సోంధీగారు గట్టిగా అన్నారు. ఆసియా క్రీడలకు బీజం వేసిన పెద్దమనిషి ఆయన. దానితో ఆ ఊరు మనమీద మండిపడింది. మన రాయబార కార్యాలయం మీద గుంపులు దాడి చేశాయి. సెప్టెంబరు 4న ఫైనల్ నాడు స్టేడియం నిండా జనం. మన పేరు వింటే ఈలలు, కేకలు. ఆ జనంలో మనకు చప్పట్లు కొట్టినవాళ్ళు పాకిస్తాన్ హాకీ జట్టువారేనని మన ఆటగాళ్ళు తరువాత తలచుకొనేవారు.

ఎదుట కొరియా. మొదటి ఆటలో మనల్ని 2-0తో ఓడించిన జట్టు అదే. మన జర్నైల్ సింగు తలకు కుట్లు పడ్డాయి. వెనక కాపుకాసే ఆ మనిషిని రహీంగారు ముందువరసకు మార్చారు. గోలుకీపరు తంగరాజ్ జ్వరంనుంచి లేచి వచ్చాడు. ఆయనా హైదరాబాదువాడే. ముందురోజు రాత్రి రహీంగారు పిల్లలను పిలిచి, రేపు నాకొక కానుక కావాలి, స్వర్ణం తెచ్చిపెట్టండి అని అడిగారట. పి.కె. బెనర్జీ ఒకటి, కుట్ల తలతో జర్నైల్ ఒకటి కొట్టారు. 2-1తో మనమే గెలిచాం.

గురుదక్షిణ ముట్టింది. ఆపైన తొమ్మిది నెలలకు, 1963 జూన్ 11న, కాన్సరుతో రహీంగారు కన్నుమూశారు. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో మనకు ఆ తరువాత స్వర్ణం లేదు. 1970లో బ్యాంకాక్‌లో నయీముద్దీన్ నాయకత్వంలో దక్కిన కాంస్యమే కడపటి పతకం. అతడూ హైదరాబాదువాడే.

ఒక్క మనిషి పోతే ఆట పోతుందా అని మీరడగవచ్చు. పోకూడదు. 1962లో మనం 2-0తో ఓడించిన జపానునే చూడండి. వాళ్ళు 1960లోనే క్రామర్ అనే జర్మను గురువును పిలిపించుకున్నారు. ఆయన చెప్పిన దారిన 1965లో దేశీయ లీగు పెట్టారు. 1968లో మెక్సికో ఒలింపిక్స్‌లో కాంస్యం గెలిచారు. వాళ్ళు గురువు చెప్పిన పాఠాన్ని దేశం చేత చదివించారు. మనం గురువుకు దండ వేసి పాఠం మరిచిపోయాం.

మా పక్కింటి బ్యాంకు ఆఫీసరుగారికి ఈ కథంతా చెప్పాను. ఆయన కొడుకు తొమ్మిదో తరగతి. వాళ్ళ బడిలో డ్రిల్లు పీరియడు పేరుకే; లెక్కలవారో సైన్సువారో దాన్ని అడిగి పుచ్చుకుంటారు.

"అంతా బాగుంది గాని సార్, ఆటలాడితే ఐ.ఐ.టి. సీటు ఎట్లొస్తాది?" అన్నారాయన.

ఆయన భయం నాకు అర్థమవుతుంది. ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్ల వాన పడే జిల్లా మాది. అదైనా పడితే కదా! బుడ్డలు వేసి ఆకాశం చూసేవారి బిడ్డలకు చదువే కదా తరగని పంట! చదువు మానమని నేననలేదు. రహీంగారే పట్టభద్రుడు, పంతులు. వారానికి రెండు గంటలు పిల్లవాణ్ణి మట్టిలో వదలమంటున్నాను, అంతే.

మా ఊళ్ళోనే ఆర్.డి.టి. వారి క్రీడాగ్రామం ఉంది. 1969లో ఈ కరువుసీమకు వచ్చి ఇక్కడే మట్టిలో కలిసిన బార్సిలోనా మనిషి విన్సెంట్ ఫెర్రర్ నెలకొల్పిన సంస్థ అది. అక్కడ పల్లెలనుంచి వచ్చిన మగపిల్లలూ ఆడపిల్లలూ ఫుట్‌బాల్ నేర్చుకుంటున్నారు. కాని అన్ని ఊళ్ళకూ క్రీడాగ్రామం రాదు. డ్రిల్లు మేష్టారు మాత్రం చాలా బళ్ళలో ఉన్నారు. ఆయన చేతిలో పీరియడు ఉంచితే చాలు.

ఈసారి మీ పిల్లల బడికి పోయినప్పుడు లెక్కల మార్కులు అడగండి, అడగవద్దని కాదు. దానితోపాటు డ్రిల్లు మేష్టారి దగ్గర కూడా ఒక్క నిముషం నిలబడి, "మావాడు ఎడమకాలితో తన్నగలడా అండీ?" అని అడిగి చూడండి. ఆ ప్రశ్న తనను అడిగేవారు లేక ఆయన ఎన్నేళ్ళనుంచి ఎదురుచూస్తున్నారో!