వెంబ్లీలో లేని పేర్లు

1924 ఏప్రిల్ 23న లండన్ శివారులోని వెంబ్లీలో ఐదో జార్జి చక్రవర్తి బ్రిటిష్ సామ్రాజ్య ప్రదర్శనను ప్రారంభించాడు. ఇంగ్లండు రాజు గొంతు రేడియోలో వినబడింది ఆ రోజే మొదటిసారి. 216 ఎకరాల ఆ తిరునాళ్లను రెండేళ్లలో దాదాపు 2.7 కోట్ల మంది చూశారు. అయినా చివరికి నష్టమే మిగిలింది. ఇండియాకు కట్టిన భవనానికి తాజ్‌మహల్, జామా మసీదుల పోలికలు తెచ్చారు. లేపాక్షి మండపాలు చూస్తూ పెరిగిన మనకు ఆ గుమ్మటాలు దేశంలో ఒక మూల. టికెట్టు కొని వచ్చిన లండన్‌వాడికి అదే మొత్తం ఇండియా.

ఇలాంటి ప్రదర్శనల్లో సరుకు అద్దాల బీరువా ఎక్కుతుంది, చేసిన మనిషి ఊసుండదు. మనిషినే చూపించిన సందర్భాలు ఇంకా ఘోరం. 1904లో అమెరికాలోని సెయింట్ లూయిస్‌లో ఫిలిప్పీన్స్ గిరిజనులను తెచ్చి, ఊళ్లకు ఊళ్లు కట్టి, అందులో ఉంచి జనానికి చూపారు. అపాచీ యోధుడు జెరోనిమో యుద్ధఖైదీగా ఉంటూనే అక్కడ సంతకాలు, ఫొటోలు అమ్ముకున్నాడు.

వెంబ్లీలో మన దేశపు కలపను కూడా చూపించారు. నునుపుగా చిత్రికపట్టిన పలకలు, తలుపులు చూసి దొరలు మెచ్చుకొని ఉంటారు. ప్రదర్శన తెరిచిన రెండు వారాలకు, మే 7న, కొయ్యూరులో అల్లూరి సీతారామరాజును కాల్చి చంపారు. 1922 ఆగస్టులో చింతపల్లి పోలీసు స్టేషన్ మీద దాడితో మొదలైన ఆ పోరాటం వెనక 1882 మద్రాసు అటవీ చట్టం ఉంది. పోడు కొట్టుకోనివ్వని అధికారులు, రోడ్డు పనిలో కూలి ఎగ్గొట్టిన డిప్యూటీ తహసీల్దారు ఉన్నారు. ఒకే సామ్రాజ్యం, ఒకే నెల రోజుల్లో, అడవిని అక్కడ పలకలుగా పేర్చి చూపింది, ఇక్కడ అడవి మనుషుల మీద తుపాకి పేల్చింది. వెంబ్లీ గురించి రాసేవాళ్లు ఈ రెండు తేదీలనూ పక్కపక్కన పెట్టడం నా కంటబడలేదు.

అప్పటికే ఆ ప్రదర్శన మీద మనవాళ్లకు గుర్రుగా ఉంది. 1923 జులైలో కెన్యా ఎత్తుభూములు తెల్లవాళ్లకే అని బ్రిటిష్ ప్రభుత్వం తేల్చాక, వెంబ్లీని బహిష్కరించాలన్న మాట దేశంలో గట్టిగా వినిపించింది. ఆ డిసెంబరులోనే కాకినాడ కాంగ్రెస్ జరిగింది. అక్కడా ఒక ప్రదర్శన పెట్టారు, ఖద్దరుది. గుమ్మం దగ్గర వాలంటీరుగా నిలబడిన పద్నాలుగేళ్ల దుర్గాబాయి, టికెట్టు లేదని జవహర్‌లాల్ నెహ్రూనే ఆపేసింది. నిర్వాహకులు టికెట్టు కొన్నాకే లోపలికి వదిలింది. వందేళ్లు దాటినా ఆ ఖద్దరు ప్రదర్శన అనగానే మనకు గుర్తొచ్చేది ఆ అమ్మాయే. నాకైతే వెంబ్లీ వైభవమంతా ఈ ఒక్క సంగతి ముందు వెలవెలబోతుంది.

అయితే కాకినాడకు ఖద్దరు నేసి పంపిన చేతుల పేర్లు మాత్రం మనకు మిగల్లేదు. తాడిమర్రిలో కూర్చుని ఇదంతా తవ్వుకోవడానికి కారణం అదే. పక్కనున్న ధర్మవరం పట్టుకు భౌగోళిక గుర్తింపు ఉంది. చీర మీద అంగడి పేరుంటుంది, జరీ రకం ఉంటుంది, ధర ఉంటుంది. కొంగు నేసినవాడు ఎవడో కొన్నవాళ్లకు తెలియదు. మరమగ్గం మీద తీసిన నకలు దాని పక్కనే సగం ధరకు వేలాడుతుంటే అడిగే నాథుడూ లేడు. నిమ్మలకుంట తోలుబొమ్మలవాళ్లు ఒక్క మెట్టు నయం. 2020లో దళవాయి చలపతిరావుకు పద్మశ్రీ వచ్చింది కాబట్టి ఆ ఊరికి ఒక పేరైనా నిలిచింది. మగ్గం గుంటలో కాళ్లు పెట్టి బతుకు గడిపినవాళ్లకు అదీ లేదు.

వచ్చే సంచికల్లో ఆ పేర్లు అచ్చేయాలని ఉంది. తాడిమర్రి, ధర్మవరం, పెనుకొండ, హిందూపురం వైపు మీ ఇళ్లలో పాత ప్రదర్శన పతకమో, యోగ్యతా పత్రమో, కూలి లెక్కల పుస్తకమో ఉంటే మాకు రాయండి. దాని మీద షావుకారు పేరొక్కటే ఉన్నా ఫరవాలేదు. ఆ చీర ఎవరు నేశారో ఇంట్లో పెద్దవాళ్లను అడిగి, పేరు జతచేసి పంపండి. ఆసు పోసిన ఆడవాళ్ల పేర్లు కూడా.