అది ఎప్పుడూ వెలిగే లైటేలే!

కారున్న ఇళ్ళలో ఈ మాట వినని వాళ్ళుండరు. డాష్‌బోర్డు మీద అల్లావుద్దీన్ దీపంలాంటి బొమ్మ పసుపుపచ్చగా వెలుగుతూ ఉంటుంది. వెనక సీట్లో కూర్చున్న అత్తగారో, ఊరి నుంచి వచ్చిన చుట్టమో "అదేంటమ్మా వెలుగుతోంది?" అని అడుగుతారు. "అది ఎప్పుడూ వెలిగే లైటేలే అత్తయ్యా, ఏం కాదు" అని జవాబు. ఒక కారులో అయితే ఆ లైటు కనపడకుండా దాని మీద దేవుడి స్టిక్కరు అంటించేశారు. ఇంజన్ భారం కూడా ఆయన మీదే వేశారన్నమాట!

నా గొడవంతా ఈ "ఎప్పుడూ వెలిగేదే" అన్న మాట మీద. ఆ లైటు నిజం చెబుతోందా, అబద్ధం చెబుతోందా అన్నది తేల్చుకోకుండా దానికి అలవాటు పడిపోవడం పెద్ద తప్పని నా వాదన. సెన్సార్ చెడిపోయి ఉండొచ్చు. అయితే బాగుచేయించండి. సెన్సార్ బాగానే ఉండి ఇంజన్‌లో నూనె నిజంగా తక్కువై ఉండొచ్చు. అయితే నూనె పోయించండి. రెండూ చెయ్యకుండా పిల్లల్ని ఎక్కించుకుని తిరగడం మాత్రం ఏ లెక్కన చూసినా తెలివైన పని కాదు.

ముందు ఒక చిన్న సంగతి చెప్పుకుందాం. ఈ దీపం బొమ్మ రెండు రంగుల్లో వెలుగుతుంది. ఎర్రగా వెలిగితే ఆయిల్ ప్రెషర్ పడిపోయిందని అర్థం. తాళం తిప్పగానే ఒకసారి వెలిగి, ఇంజన్ స్టార్ట్ అవగానే ఆరిపోతే అది మామూలే. నడుస్తుండగా ఎర్రగా వెలిగిందా, బండి పక్కకి ఆపి ఇంజన్ కట్టెయ్యాల్సిందే. "ఇంటిదాకా నెమ్మదిగా పోదాం" అనకూడదు. పసుపుపచ్చగా, బొమ్మ కింద అలలాంటి గీతతోనో 'మిన్' అన్న అక్షరాలతోనో వెలిగితే, నూనె మట్టం తగ్గిందనో, ఆ మట్టం కొలిచే సెన్సార్ పాడైందనో అర్థం. రెంటికీ తేడా ఎలా చూపిస్తుందో కారును బట్టి ఉంటుంది. గ్లవ్‌బాక్సులో ప్లాస్టిక్ కవరు కూడా విప్పకుండా పడి ఉండే మాన్యువల్‌లో అదంతా రాసే ఉంటుంది. చాలా చిన్న కార్లలో అసలు ఈ పసుపు లైటే ఉండదు, ఎర్రదొక్కటే. వోక్స్‌వ్యాగన్, స్కోడా, ఆడి లాంటివాటిలో ఈ సెన్సార్ ఎక్కువగా కనిపిస్తుంది.

ఇప్పుడు అసలు విషయం. పసుపు లైటు ముందుగా చెప్పేది. ఎర్ర లైటు ఆలస్యంగా అరిచేది. నూనె బాగా తగ్గిపోయి, పంపు నూనెకి బదులు గాలిని లాగడం మొదలుపెట్టాకే ప్రెషర్ పడిపోతుంది. అప్పటికే లోపల ఇనుము ఇనుముతో రాసుకోవడం మొదలై ఉండొచ్చు. మెకానిక్కులు "ఇంజన్ సీజ్ అయిపోయిందండీ" అని తలకాయ ఊపేది ఇలాంటి బళ్ళని చూసే. మరి చెడిపోయిన సెన్సార్ వల్ల పసుపు లైటు పగలూ రాత్రీ వెలుగుతూనే ఉంటే, నూనె నిజంగా తగ్గిన రోజున కొత్తగా వెలగడానికి ఏం మిగిలింది? రోజూ "తోడేలొచ్చె" అని అరిచే పిల్లవాడి కథే కదా ఇది! కథలో తప్పు పిల్లవాడిది. ఇక్కడ ఆ పిల్లవాడు తప్పు చెబుతున్నాడని తెలిసీ నెలల తరబడి ఊరుకున్న మనది.

మా కారుకి ఈ లైటు వచ్చినప్పుడు ఇద్దరికి చూపించాను. మొదటాయన మా కాలనీ మలుపులో షెడ్డు పెట్టుకున్నాయన. కారు దగ్గరికి కూడా రాలేదు. "సెన్సార్ లైటు మేడమ్. ఈ బళ్ళకి మామూలే. అలాగే తిప్పేయండి" అన్నాడు. రెండోది పెద్ద వర్క్‌షాపు, ఏసీ, కాఫీ మిషను, అన్నీ ఉన్నాయి. కంప్యూటర్ తగిలించి రెండు నిమిషాల్లో తేల్చేశారు. సెన్సార్ మార్చాలట, ఆయిల్ మార్చాలట, ఇంజన్ ఫ్లష్ చెయ్యాలట, ఛాంబర్ ప్యాకింగ్ కూడా వెయ్యాలట. నేను ఒక్కొక్కటీ ఎందుకని అడుగుతుంటే ఆ అబ్బాయికి విసుగొచ్చి, "సార్ నంబరివ్వండి మేడమ్, సార్‌కి ఎక్స్‌ప్లెయిన్ చేస్తాం" అన్నాడు. కారు నడిపేది నేను, తెచ్చింది నేను, డబ్బు కట్టేదీ నేనే. ఎక్స్‌ప్లనేషన్ మాత్రం సార్‌కి!

చూడండి, ఒకాయన "ఏమీ వద్దు" అన్నాడు, ఇంకొకాయన "అన్నీ కావాలి" అన్నాడు. పైకి ఇద్దరూ వ్యతిరేకం. కానీ ఇద్దరూ చెయ్యని పని మాత్రం ఒక్కటే. బానెట్ ఎత్తి, ఆయిల్ గేజ్ బయటికి లాగి, నూనె ఎంతుందో కళ్ళతో చూడలేదు. "గేజ్ చూశారా?" అని అడిగితే వర్క్‌షాపులో ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. నేను పట్టుబట్టాక తీశారు. నూనె రెండు గుర్తుల మధ్య నిక్షేపంలా ఉంది. అంటే తప్పు నూనెది కాదు, కబురు మోసే దారిది. కారు ర్యాంప్ ఎక్కించి చూస్తే సెన్సార్ కనెక్టర్‌లోకి వాననీళ్ళు చేరి పిన్నులు పచ్చగా చిలుం పట్టి ఉన్నాయి. శుభ్రం చేసి పెడితే లైటు ఆరిపోయింది.

అందుకే అంటున్నాను, గేజ్ చూడటం మన పని. మెకానిక్ దయ మీద వదిలేసే పని కాదు. ఎసట్లో వేలు ముంచి గణుపుల లెక్కన నీళ్ళు సరిపోయాయో లేదో చెప్పే మనకి ఇదొక లెక్కా? బండి సమంగా ఉన్నచోట ఆపండి. వేడెక్కిన ఇంజన్ కట్టేసి ఐదు పది నిమిషాలు ఆగండి, పైన ఉన్న నూనె కిందికి దిగాలి. గేజ్ బయటికి తీసి పాత నూలుగుడ్డతో తుడిచి, మళ్ళీ పూర్తిగా లోపలికి దించి తీయండి. మొదటిసారి తీసినప్పుడు కనిపించేది నమ్మకండి, రెండోసారి చూసిందే లెక్క. కింది గుర్తుకీ పై గుర్తుకీ మధ్య ఉంటే చాలు. కింది గుర్తు కన్నా తక్కువుంటే మాన్యువల్‌లో చెప్పిన రకం నూనె కొద్దికొద్దిగా పోస్తూ మళ్ళీ మళ్ళీ చూడాలి. చాలా కార్లలో ఆ రెండు గుర్తుల మధ్య తేడా ఇంచుమించు ఒక లీటరే. "ఇంకాస్త ఎక్కువుంటే మంచిదేగా" అని పులుసులో నీళ్ళు పోసినట్టు పోసెయ్యకండి. ఎక్కువైన నూనెని లోపల తిరిగే క్రాంక్‌షాఫ్ట్ చిలికి నురగ చేస్తుంది, అదీ ఇంజన్‌కి చేటే. కొన్ని బీఎండబ్ల్యూ, ఆడి మోడళ్ళలో గేజే తీసేసి అంతా స్క్రీన్ మీద చూసుకోమన్నారు. అలాంటి కారున్నవాళ్ళకి సెన్సార్ ఒక్కటే కన్ను. వాళ్ళు మరీ అశ్రద్ధ చెయ్యకూడదు.

గేజ్‌లో నూనె సరిగ్గా ఉండి కూడా లైటు వెలుగుతుంటే అప్పుడు సెన్సార్ సంగతి. ఈ సెన్సార్ ఇంజన్ అడుగున, నూనె నిలవుండే ఛాంబర్‌కి బిగించి ఉంటుంది. కొన్నింటిలో లోపలి చిన్న ముక్క వేడెక్కి, చల్లారడానికి ఎంతసేపు పట్టిందో చూస్తుంది. వేడి గరిటె నీళ్ళలో ముంచితే చప్పున చల్లారుతుంది, గట్టు మీద పెడితే ఆలస్యమవుతుంది, అంతే సూత్రం. కొన్నింటిలో కింది నుంచి శబ్దతరంగం పంపి, నూనె పైమట్టానికి తగిలి వెనక్కి వచ్చే వేళని బట్టి లోతు లెక్కేస్తుంది. కొన్నింటిలో బెండులా తేలే ముక్క ఉంటుంది. ఏ రకమైనా అది ఉండేది బండి అడుగున, నీళ్ళకీ బురదకీ దగ్గరగా. స్పీడ్ బ్రేకరు గీకినా, ఎలుక వైరు కొరికినా, ప్యాకింగ్ పాడై నూనె కనెక్టర్‌లోకి చెమ్మగిలినా అబద్ధం చెప్పడం మొదలుపెడుతుంది.

కాబట్టి "సెన్సార్ మార్చేద్దాం" అనేవాళ్ళని వరసగా అడగండి. కనెక్టర్ విప్పి చూశారా? వైరు ఎక్కడైనా తెగిందా? ఫ్యూజు బాగుందా? స్కానర్‌లో ఏ కోడ్ వచ్చింది? పి250ఎ అని వస్తే ఆ సెన్సార్ సర్క్యూట్‌లో లోపమని. గమనించండి, సర్క్యూట్‌లో అంటే వైరూ కావచ్చు, కనెక్టరూ కావచ్చు, సెన్సారూ కావచ్చు. కోడ్ వీధి పేరు చెబుతుంది గానీ ఇంటి నంబరు చెప్పదు. ఇంటి నంబరు తేలాలంటే మల్టీమీటర్ పెట్టి కనెక్టర్ దాకా కరెంటు వస్తోందా, ఎర్త్ సరిగ్గా ఉందా చూడాలి. అక్కడిదాకా అన్నీ బాగుండి, సెన్సార్ నుంచి జవాబు రాకపోతే అప్పుడు సెన్సార్ మార్చమనడం న్యాయం. మాకు మూడు నెలల తర్వాత లైటు మళ్ళీ వచ్చింది. ఈసారి ఈ పరీక్షలన్నీ అయ్యాకే మార్పించాం.

మార్చడంలోనూ ఒక కిటుకుంది. చాలా కార్లలో సెన్సార్ విప్పాలంటే నూనె మొత్తం దించాల్సిందే. అందుకని ఆయిల్ మార్చే సర్వీసు దగ్గరలో ఉంటే రెండూ కలిపి చేయించుకోండి, నూనె ఖర్చు రెండుసార్లు పడదు. అప్పటిదాకా వారానికోసారి గేజ్ చూసుకోండి. ఈ వారంవారం చూసే షరతు లేకుండా మాత్రం వాయిదా వెయ్యకండి. పని జరిగేటప్పుడు సెన్సార్ కింద కొత్త ఓరింగో ప్యాకింగో వేశారా, డ్రైన్ బోల్టుకి కొత్త వాషర్ వేశారా అడగండి. చిన్న బోల్టుల్ని బలం చూపించి బిగిస్తే అల్యూమినియం ఛాంబర్‌లో మరలు పోతాయి, అప్పుడు చిన్న ఖర్చు పెద్దదవుతుంది. నూనె పోసి, ఇంజన్ కాసేపు నడిపి, కింద చుక్క కారడం లేదని చూసి, కోడ్ తుడిచి, గేజ్ మరోసారి మీ ఎదుటే చూపించమనండి. పాత సెన్సార్ మీ చేతికివ్వమనండి. అడిగితే చిన్నతనం ఏమీ లేదు, డబ్బిచ్చింది మనం.

దీనికి నాకు ఎదురయ్యే మాటలు మూడు. మొదటిది, "మా నాన్నగారి అంబాసిడర్‌కి ఈ సెన్సార్లేవీ లేవు, పాతికేళ్ళు నడిచింది." నిజమే. కానీ ఆ రోజుల్లో బండి బయటికి తీసేముందు బానెట్ ఎత్తి నూనె, నీళ్ళు చూడటం ఇంట్లో పద్ధతి. వాళ్ళకి సెన్సార్ లేదు, అలవాటుంది. మనకి సెన్సార్ ఉందన్న ధీమాతో అలవాటు పోయింది. ఇప్పుడు ఆ సెన్సార్‌నీ పట్టించుకోకపోతే మనకి రెండూ లేనట్టే.

రెండోది, "ఇవన్నీ మగవాళ్ళు చూసుకుంటార్లే." సంతోషం, చూసుకోమనండి. చూసుకుంటే ఆ లైటు ఆరు నెలలు ఎందుకు వెలిగింది? స్కూలు దగ్గరికి, మార్కెట్టుకి, నాన్నగారిని డయాలసిస్‌కి తీసుకెళ్ళేది మనమైనప్పుడు, ఔటర్ రింగ్ రోడ్డు మీద బండి ఆగిపోతే ఎండలో నిలబడేదీ మనమే. కారు కిందికి దూరమని నేను చెప్పడం లేదు. జాకీ మీద ఉన్న బండి కిందికి ఎవరూ దూరకూడదు కూడా, అది ర్యాంప్ ఉన్న మెకానిక్ పని. ఏది చూడాలో, ఏది అడగాలో తెలిసి ఉండటం మాత్రం మన పని.

మూడోది, "చిన్న లైటు కోసం అంత ఖర్చా?" కూరలవాడి దగ్గర ఐదు రూపాయలకి బేరమాడే మనం ఈ లెక్క వెయ్యలేమా? ఒక పళ్ళెంలో సెన్సారూ, ప్యాకింగూ, కూలీ. రెండో పళ్ళెంలో ఇంజన్. తూచుకోండి.

అసలీ జబ్బు కారుతో ఆగేదైతే నేనింత ఆవేశపడేదాన్ని కాదు. గీజర్ దగ్గర షాక్ తగిలితే "అది ఎప్పుడూ అంతే, చెప్పులేసుకో" అంటాం. అమ్మ కాళ్ళు వాస్తున్నాయంటే "నీకెప్పుడూ ఉండేదేగా" అంటాం. మనమే ఆయాసంగా ఉందని చెబితే ఇంట్లోవాళ్ళు టీవీలోంచి తల తిప్పకుండా అదే మాటంటారు. ఎప్పుడూ ఉందంటే ఎప్పుడూ ఎవరూ చూడలేదని అర్థం. అంతకన్నా ఆ మాటకి విలువ లేదు.

కాబట్టి ఈ ఆదివారం వంటింట్లోంచి ఒక పాతగుడ్డ పట్టుకుని కారు దగ్గరికి వెళ్ళండి. పదో తరగతి చదివే పిల్లో పిల్లాడో ఉంటే వెంట తీసుకెళ్ళండి, వాళ్ళకీ తెలుస్తుంది. గేజ్ చూసి, తేదీ వేసి, గ్లవ్‌బాక్సులో ఒక కాగితం మీద రాసిపెట్టండి. ఈసారి ఎవరైనా "సార్‌కి చెబుతాం మేడమ్" అంటే ఆ కాగితం చేతికిచ్చి, "ముందు నాకు చెప్పండి" అనండి.