తునకలకు సిగ్గెందుకు?

పట్నంలో అద్దె ఇళ్లకు చేరాక మేము పెద్దకూర తునకలను ఓవెన్‌లో ఎండబెట్టుకోవడం నేర్చుకున్నాం. వాడలో మా అవ్వలు ఉప్పు, పసుపు పట్టించి దండెం మీద ఎండకు వేసేవారు. కాకులు వాలకుండా పిల్లలం కాపలా కాసేవాళ్లం. పనులు దొరకని వానాకాలంలో కుండలో దాచిన ఆ తునకలే గోంగూరలో ఉడికి మా కడుపు నింపేవి.

ఇప్పుడు మిద్దె మీద దండెం కడితే ఇల్లు ఖాళీ చేయమంటారు. అదే తిండి అమెరికాలో జెర్కీ పేరుతో ప్యాకెట్‌లోకి ఎక్కితే మంచి ప్రోటీన్ అని మెచ్చుకుంటారు. ఆ జెర్కీ అనే మాట దక్షిణ అమెరికా మూలవాసుల కెచువా భాషలోని 'చార్కి' నుంచి వచ్చింది. అంటే అదీ మనలాంటి వాళ్ల వంటే.

ఇంటి యజమాని మాట మాకు కొత్త కాదు. బాధ పెట్టేది మన ధమ్మ బంధువుల మాట. 'దీక్ష తీసుకున్నారు, ఇంకా పెద్దకూరేనా?' అని మన విహారాల్లోనే అడుగుతున్నారు. వారికి మా జవాబు ఇది.

భిక్షువులెవరూ చేపలు, మాంసం ముట్టకూడదనే నియమం పెట్టమని బుద్ధుణ్ణి అడిగినవాడు దేవదత్తుడు. బుద్ధుడు ఒప్పుకోలేదు. తన కోసం చంపారని చూడని, వినని, అనుమానించని మాంసాన్ని భిక్షువు తీసుకోవచ్చన్నాడు. వినయ పిటకం పది రకాల మాంసాన్ని నిషేధించింది. వాటిలో ఏనుగు, గుర్రం, కుక్క, పాము ఉన్నాయి. గొడ్డు మాంసం లేదు.

బాబాసాహెబ్ 1927లో మహద్‌లో చచ్చిన గొడ్ల మాంసం మానమన్నారు నిజమే. ఆ మాంసం వెట్టిచాకిరీకి, ఊరి దయకు గుర్తు. ఆయన తెంచమన్నది ఆ బానిసత్వాన్ని. మనం సొంత డబ్బుతో కొనుక్కునే కూరకు ఆ మాట అంటగట్టడం తగదు. 1948లో అచ్చయిన అస్పృశ్యుల గ్రంథంలో అంటరానితనం మూలాల్ని వెతుకుతూ ఆయన రెండు కారణాలు చూపారు. ఒకటి బౌద్ధుల మీద ద్వేషం, రెండోది గొడ్డు మాంసం తినడం మానకపోవడం. ఏ తిండి పేరుతో మనల్ని ఊరి బయటకు నెట్టారో, ఆ తిండినే మనం చీదరించుకుంటే ఎవరి పని పూర్తి చేస్తున్నట్టు?

అహింస మాటేమిటి అంటారు. 'బుద్ధుడు, ఆయన ధమ్మం'లో అంబేడ్కర్ అవసరం కొద్దీ చంపడాన్నీ, చంపాలనే కోరికతో చంపడాన్నీ వేరు చేసి చూపారు. అహింస ఆలోచించి పాటించాల్సిన సూత్రమే తప్ప గుడ్డి నియమం కాదన్నారు. కరుణతో మాంసం మానినవారిని మేము గౌరవిస్తాం. ఆ మానడాన్ని ధమ్మానికి గడపగా పెట్టి మా అవ్వలను బయట నిలబెడితే మాత్రం ఊరుకోం. శీలాన్ని కంచంలో కొలవడం మనువు పద్ధతి.

ఇక ఓవెన్ సంగతి. కొవ్వు లేని తొడ మాంసం తీసుకోండి, కొవ్వు ఉంటే తొందరగా పాడవుతుంది. ఫ్రీజర్‌లో సగం గట్టిపడనిచ్చి అర సెంటీమీటరు మందాన కోయండి. ఉప్పు, పసుపు, కారం, అల్లం వెల్లుల్లి పట్టించి రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచండి. ముందు మాంసం లోపలి వేడి 71 డిగ్రీలకు చేరేదాకా కాల్చండి, క్రిములు చస్తాయి. తర్వాత 60 డిగ్రీల దగ్గర, తేమ పోయేలా తలుపు కొద్దిగా తెరిచి గంటల తరబడి ఆరనివ్వండి. వంచితే పగుళ్లు రావాలి, విరగకూడదు.

ఓవెన్‌ను శుభ్రత కోసం వాడుకుందాం, వాన రోజుల కోసం వాడుకుందాం. దాక్కోవడానికి మాత్రం వాడొద్దు. వాసన వస్తుందని కిటికీలు మూసుకుని తింటే పిల్లలకు తునకల రుచి కాదు, మన భయమే అబ్బుతుంది. ఇంటికొచ్చిన స్నేహితుడు ఏమిటని అడిగితే తునకలని చెప్పనివ్వండి. అది మా అవ్వ వంట అని కూడా చెప్పనివ్వండి.

జై భీమ్! నమో బుద్ధాయ!